రెండో శంఖం తరువాత

భోం... అని శంఖం మోగింది.

ఆ మోత రేవు వైపు నుంచి బయలుదేరి, కొబ్బరి మట్టల నడుమగా వచ్చి, చర్చి గోడకు తగిలి, నల్లరాళ్ళ మీదుగా జారి, తోఫాలా ఇంటి ముంగిట నిలిచింది. మొదటి శంఖానికి చేతిలోని పని కింద పెట్టాలి. రెండో శంఖానికి నోటిలోని మాట కింద పెట్టాలి. మూడోది మోగేవరకు ఊరంతా ప్రార్థన. అంతసేపూ దారి మీద మనిషి కనబడరాదు.

ఇప్పుడు మోగినది రెండోది.

నిన్న గురువారం సాయంకాలం, సరిగ్గా ఈ రెండో శంఖం మోగిన తరువాత, దారి మీద ఒక మనిషి కనబడ్డాడు.

ఆ మనిషి ఇప్పుడు తన ఇంట్లో, తన స్తంభానికి వీపు ఆనించి, పాట ఎత్తుకోవలసిన వేళ ఎత్తుకోకుండా, తొడ మీద కొబ్బరిపీచు తాడు పేనుకుంటున్నాడు.

కుడిపక్క ఇంట్లో పాట మొదలైంది. ఎడమపక్క ఇంట్లో మొదలైంది. గోడలు లేని ఇళ్ళలో మౌనం దాగదు.

ఫువాతినో భర్త వైపు చూసింది. కూతురు తెముకీసా తల్లి వైపు చూసింది. చివరకు ఆ అమ్మాయే ఎత్తుకుంది, ఎవరికీ అందనంత పై శ్రుతిలో. తల్లి కింది నుంచి ఆసరా ఇచ్చింది. పడుతూ లేస్తూ ఇద్దరూ మూడు చరణాలు దాటారు.

ప్రార్థన చెప్పవలసినది ఇంటిపెద్ద. ఇంటిపెద్ద తాడు వైపే చూస్తున్నాడు.

ఫువాతినో కళ్ళు మూసుకుంది.

"ప్రభువా, ఈ ఇంట్లోవాళ్ళందరికీ కాళ్ళిచ్చావు. నీ దయ. వాడుకోనివాళ్ళ దగ్గర్నుంచి ఎప్పుడు వెనక్కి తీసుకుంటావో నీకే తెలుసు. నర్సు రూతమ్మ మాత్రం మంగళవారం రక్తం చూసి చెబుతానంది..."

తోఫాలా దగ్గాడు.

"మాట తప్పనివాడివి నువ్వొక్కడివే ప్రభువా. సూర్యుణ్ణి రోజూ పొద్దున్నే లేపుతున్నావు. ఆయన ఎప్పుడూ 'ఇవాళ వాన పడేటట్టుంది, రేపు లేస్తాలే' అనలేదు..."

"ఆమెన్" అన్నాడు తోఫాలా గట్టిగా.

"ఇంకా అవలేదు ప్రభువా" అంది ఫువాతినో, కళ్ళు తెరవకుండానే. మరి పది వాక్యాలు చెప్పింది. ప్రార్థనకు ఎదురు చెప్పే వీలు లేదు. ఆ సంగతి ఆమెకు ముప్పై ఏళ్ళుగా తెలుసు.

మూడో శంఖం మోగింది.

"దేవుడి పేరు చెప్పి మొగుణ్ణి దెప్పే ఆడదాన్ని ఈ దీవి మొత్తం మీద నిన్నే చూశాను" అన్నాడు తోఫాలా.

"తమరు నోరు విప్పారు. ధన్యురాలిని."

తెముకీసా తల వంచుకుని చేమదుంపల పళ్ళెం సర్దసాగింది. అమ్మ 'తమరు' అంటే ఏమిటో ఆ ఇంట్లో కుక్కకు కూడా తెలుసు. ఊళ్ళో తక్కిన ఆడవాళ్ళు కోపం వస్తే గొంతు పెంచుతారు. ఫువాతినో మర్యాద పెంచుతుంది. పట్టం కట్టుకున్న పెద్దల కోసం పూర్వులు వేరే మాటలు కూర్చి పెట్టారు. పెద్దలు తినరు, ఆరగిస్తారు. పడుకోరు, విశ్రమిస్తారు. నడవరు, వేంచేస్తారు. ఆ మాటలు ఒక్కొక్కటే ఆమె నోటి నుంచి దిగుతుంటే తోఫాలా మెడ ఒక్కొక్క అంగుళమే భుజాలలోకి దిగుతుంది.

"తమరి పాదాలు ఇవాళ బయటికి వేంచేశాయా?"

"లేదు."

"ఉదయం?"

"లేదన్నానుగా."

"మధ్యాహ్నం? మబ్బు పట్టి చల్లగానే ఉందే."

"ఊళ్ళో ఏ మొహం పెట్టుకుని నడవమంటావే నన్ను?"

"నడవమన్నది కాళ్ళతో. మొహంతో కాదు."

తెముకీసాకు నవ్వు వచ్చింది. పళ్ళెం ఎత్తి అడ్డం పెట్టుకుంది.

నవ్వవలసిన సంగతి కాదని ఆమెకూ తెలుసు. ఆరు నెలల కిందట, ఒక ఆదివారం, వంట కోసం కాల్చిన రాళ్ళలో ఒకటి దొర్లి పక్కకు పడింది. తోఫాలా దాని మీద కాలు వేసి నిలబడ్డాడు. నిలబడి, "పంది బాగా వేగుతోంది, వాసన చూడండి" అన్నాడు. వేగుతున్నది అతని అరికాలు. చక్కెర జబ్బు పాదాన్ని అంతగా మొద్దుబార్చింది. ఆ పుండు మానడానికి నాలుగు నెలలు పట్టింది. నర్సు రూతమ్మ కట్టు విప్పిన రోజున ఒకటే మాట చెప్పింది. "రోజూ నడిచి, నోరు కట్టుకుంటే ఈ కాలు మీది. మానేశారా, నా దగ్గరికి రావద్దు, నేరుగా పడవెక్కి అపియా పెద్దాసుపత్రికి వెళ్ళండి. కోసేవాళ్ళు అక్కడుంటారు."

తోఫాలా అన్నగారిని అలాగే పడవెక్కించారు. తిరిగి వచ్చినప్పుడు లుంగీ ఒక పక్క ఖాళీగా వేలాడింది.

అందుకని ఇంటి ముందు సీమపనస చెట్టు నుంచి వంతెన దాకా, వంతెన నుంచి చెట్టు దాకా నడక మొదలైంది. మొదటి వారం కోడికూతతో లేచాడు. రెండో వారం ఎండ పొడిచాక. మూడో వారం అన్నం తిన్నాక. నాలుగో వారం పగటి నిద్ర లేచాక. రోజు తప్పలేదు గాని, వేళ మాత్రం రోజుకొక మెట్టు దిగుతూ దిగుతూ చీకటి అంచుకు చేరింది. నలభయ్యో రోజున వాన అన్నాడు, ఎండ అన్నాడు, చుట్టాలన్నాడు, కునుకన్నాడు. చివరకు మొదటి శంఖం మోగుతుండగా చెప్పుల్లో కాళ్ళు పెట్టాడు.

"ఆ చెప్పులు తొడిగించింది నువ్వే" అన్నాడు తోఫాలా. "ఒక్కరోజు తప్పినా కాలు ఊరుకోదని తరిమావు. నలభయ్యోది నలభయ్యోది అని చెవిలో ఊదావు. తీరా ఏమైంది? పోనీలే. నలభైతో ఆగింది. నడవొద్దని దేవుడే చెప్పాడు."

"దేవుడు చెప్పాడా? పొద్దుటినుంచీ ఖాళీగా ఉన్నప్పుడు నడవమని చెబితే మాత్రం ఆయన గొంతు వినబడలేదు కాబోలు తమరికి."

"ఇవాళ నడవలేదు. అయిపోయింది. గొలుసు తెగింది."

"ఒకపూట పొయ్యి ఆరితే ఇల్లు పాడుబడదు. మళ్ళీ రాజెయ్యకపోతే పాడుబడుతుంది."

"రేపు చూద్దాంలే."

ఫువాతినో చేతిలోని విసనకర్రను చాప మీద పెట్టింది. పెట్టిన చప్పుడుకు కుక్క లేచి అవతలికి పోయింది.

"రేపు! కోకోలో చక్కెర మానతానన్నావు. తొమ్మిది రోజులు. సైకిలు తొక్కుతానన్నావు. దూలానికి వేలాడేసి ఉంది, దాని సీటు మీద కోడి పొదుగుతోంది. నీ రేపులన్నీ కలిపి పేనితే ఈ దీవిని తీసుకెళ్ళి ఆ దీవికి కట్టెయ్యొచ్చు."

మర్యాద పోయి 'నువ్వు' వచ్చింది. అంటే కోపం తగ్గిందని కాదు. కోపం అడుగున ఉన్న భయం పైకి వచ్చిందని.

ఆమె గొంతు దించింది.

"ఆ తాడు రోజూ పేనమని నీకెవరైనా చెప్పారా? ఎవరూ చెప్పరు. కూర్చుంటే చాలు, చెయ్యి దానంతటదే తొడ మీదికి పోతుంది. ఆ చేతికున్న బుద్ధి కాళ్ళకెందుకు లేదు?"

"చేతికి నలభై ఏళ్ళు పట్టింది."

"కాళ్ళకి నలభై రోజులేగా అయింది. అప్పుడే విసుగొచ్చేసిందా?"

తోఫాలా చేయి తొడ మీద ఆగిపోయింది. తెముకీసా కోకో తెచ్చి ఇద్దరి మధ్యా పెట్టింది. ఇద్దరూ ముట్టలేదు.

అప్పుడే పెలెనాతో వచ్చాడు.

పెలెనాతో తోఫాలా చెల్లెలి కొడుకు. ముప్పై దాటినవాడు, ఇద్దరు పిల్లల తండ్రి. ఊళ్ళో పట్టం లేని మగవాళ్ళు వంతులవారీగా సాయంకాలం దారికి కాపలా ఉంటారు. ఈ వారం ఆ జట్టుకు అతడే పెద్ద. ఇంటి అంచున, అరుగు రాయి మీద, కాళ్ళు ముడుచుకుని కూర్చున్నాడు. ఒడిలో నీలం అట్ట పుస్తకం.

"రా అల్లుడా, లోపలికి రా. తిన్నావా?" అంది ఫువాతినో.

"తిన్నానత్తా."

"అబద్ధం. తెముకీసా, బావకి పెట్టు."

చేమాకుల్లో కొబ్బరిపాలు పోసి కాల్చిన పొట్లం ఒకటి అతని ముందుకు వచ్చింది. అతడు దానిని విప్పలేదు. పుస్తకాన్నే అటూ ఇటూ తిప్పుతున్నాడు.

"మావయ్యా, రేపు పొద్దున సభ."

"తెలుసు. చదివేవాణ్ణి నేనేగా."

నిజమే. శనివారం పెద్దల సభలో, ఆ వారం తప్పు చేసినవాళ్ళ పేర్లు పుస్తకంలో చూసి బిగ్గరగా చదివే పని తోఫాలాది. ఆ గొంతు అటువంటిది. తప్పు చేసినవాడు సముద్రం మధ్యలో ఉన్నా వినబడుతుందని చెప్పుకుంటారు.

"ఈ వారం మూడు పేర్లు. రొట్టెలమ్మే సీనా ఒకటి. టాక్సీ మానూ ఒకటి. మూడోది..." పెలెనాతో పుస్తకం తెరిచి చాప మీద పెట్టాడు. "మూడో వరస ఖాళీగా వదిలేశాను. నా చేత్తో నేను రాయలేను మావయ్యా. రాయకుండా ఉంటే సభలో లెయానాగారు నన్ను వదలరు. కాపలావాడే కళ్ళు మూసుకున్నాడని జట్టులోంచి తీయించేస్తారు."

"లెయానా ఎలా చెబుతాడు? వాడప్పుడు ప్రార్థనలో ఉన్నాడుగా."

"ఆయన ఇంటి ముందే కదా మీరు నడిచింది."

"అందుకే అంటున్నాను. ప్రార్థనలో ఉన్నవాడు కళ్ళు మూసుకుని ఉండాలి. నన్ను చూశానంటే కళ్ళు తెరిచానని ఒప్పుకున్నట్టే." తోఫాలా మొహంలో ఒక్క క్షణం వెలుగు వచ్చింది. "నోరెత్తితే వాడే ఇరుక్కుంటాడు."

"ఆగండాగండి" అంది ఫువాతినో. "లెయానా ఇంటి ముందా? రెండో శంఖం మోగేటప్పటికి లెయానా ఇంటి ముందున్నారా?"

తోఫాలా మళ్ళీ తాడు అందుకున్నాడు.

"అల్లుడా, నువ్వు చెప్పు."

పెలెనాతో పొట్లం వైపు చూస్తూ చెప్పాడు. "వాళ్ళ అరుగుకి రెండడుగుల దూరంలో ఉన్నారత్తా. దారిలో శంఖం పడితే దగ్గరున్న ఇంట్లోకి ఎక్కి కూర్చుంటాం కదా ఎవరమైనా. నేను చేత్తో సైగ కూడా చేశాను, ఎక్కండి ఎక్కండి అని. మావయ్య ఆగారు. ఆ ఇంటి వైపు చూశారు. మళ్ళీ నడిచారు."

ఊళ్ళో పసివాడికి కూడా తెలిసిన దారి అది. ఎవరి ఇల్లయినా సరే, ఎక్కి, చాప మీద కూర్చుని, వాళ్ళ ప్రార్థనలో తల వంచితే తప్పే లేదు. వాళ్ళు పెట్టినది తిని రావడం కూడా మర్యాదే. కాని లెయానా చాప మీద తోఫాలా కూర్చుని పదకొండేళ్ళయింది. పాత చర్చి పైకప్పుకు ఎర్ర రంగా, పచ్చ రంగా అని మొదలైన తగవు అది. ఇప్పుడా చర్చే లేదు.

"అయితే నడకా కాదు, నేనూ కాదు, దేవుడూ కాదు" అంది ఫువాతినో నెమ్మదిగా. "లెయానా చాప."

"వాడింట్లో నేను తల వంచాలా?"

"దేవుడికి వంచాలి. చాప ఎవరిదైతే ఏం!"

"నువ్వాడదానివి, నీకు తెలియదు."

"తమరు మగవారు, తమకన్నీ తెలుసు. శిక్ష కూడా తమరికి తెలిసే ఉంటుంది. తమరు రాసిందే కదా."

ఆ మాట తగలవలసిన చోట తగిలింది. మామూలు మనిషి తప్పు చేస్తే ఒక పెట్టె చేపల డబ్బాలు ఊరికి ఇచ్చుకోవాలి. పట్టం ఉన్నవాడైతే ఈనిన పందిని ఇచ్చుకోవాలి. పైగా మూడు నెలలు సభలో తన స్తంభం దగ్గర కూర్చోరాదు, వెనక ఎండలో, చాప లేకుండా కూర్చోవాలి. ఆ రెండో ముక్క నిరుడు తోఫాలాయే పట్టుబట్టి చేర్పించాడు. పేకాట వదలక ఇంటికి ఆలస్యంగా చేరే లెయానా ఎప్పుడో ఒకప్పుడు దొరుకుతాడని.

తోఫాలా పుస్తకంలోని ఖాళీ వరసను చాలాసేపు చూశాడు.

"ఎనెలికో అని రాయి."

"ఏంటి మావయ్యా?"

"ఎనెలికో. నా బాప్తిస్మం పేరు. పట్టం కట్టుకుని తోఫాలానై ఇరవై రెండేళ్ళయింది. ఆ పేరు ఊళ్ళో ఎవడికి గుర్తుంది? ఎవడో ఎనెలికో, పక్కూరివాడు అనుకుంటారు. అబద్ధం చెప్పినట్టూ కాదు."

ఫువాతినో నవ్వింది. ఆ నవ్వు వినడం కంటె 'తమరు' వినడం మేలనిపించింది తెముకీసాకు.

"బాగుంది. పట్టం ఇంట్లో కూర్చుని ప్రార్థన చేసుకుంటోంది. కాళ్ళొక్కటే నడుచుకుంటూ పోయాయి. మరి అపియాలో కాలు కోసేటప్పుడు ఎవరిది కోస్తారు? ఎనెలికోదా, తోఫాలాదా?"

"అబ్బ! అన్నిటికీ ఆ కాలే తెస్తావు!"

"ఇంకేం తేను? నాకున్నవి నీ రెండు కాళ్ళేగా!"

అంది. అన్న తరువాత తనే ఉలిక్కిపడినట్టు లేచి నిలబడింది. లుంగీ దులుపుకుంది. ఏమీ అననట్టు పెలెనాతో వైపు తిరిగింది.

"నువ్వు తినలేదు. కట్టిస్తాను, పిల్లలకి పట్టుకెళ్ళు. వంటపాక దాకా రా. పుస్తకం కూడా తెచ్చుకో, ఇక్కడ పెడితే కుక్క కొరుకుతుంది."

"సభ సంగతి..." అన్నాడు పెలెనాతో.

"రేపు చూద్దాం" అన్నాడు తోఫాలా.

వంటపాకలో వాళ్ళిద్దరూ ఏమి మాట్లాడుకున్నారో అతనికి వినబడలేదు. తెముకీసాకు ఒక్క ముక్క వినబడింది. "వద్దత్తా, వద్దు" అంటున్నాడు పెలెనాతో.

*

శనివారం కోడి కూసింది.

తోఫాలా కళ్ళు తెరిచాడు. ఎవరూ లేపలేదు. భార్య చాప చుట్టి పక్కన పెట్టి ఉంది. లేచి కూర్చున్నాడు. కూర్చున్నవాడు చూసుకునేసరికి కాళ్ళు చెప్పుల్లో ఉన్నాయి.

ఎప్పుడు తొడిగాడో గుర్తులేదు.

విసుగు వచ్చింది. చెప్పులు విప్పాడు. దారి వైపు చూశాడు. సముద్రం మీద వెలుగు పడుతోంది, సీమపనస ఆకుల మీద నీళ్ళు మెరుస్తున్నాయి, రొట్టెల సీనా బుట్టతో పోతోంది. తనను చూసి పలకరిస్తుంది. 'మీ పేరూ ఉందటగా' అంటుందేమో. అక్కరలేదు.

కాళ్ళు ఊరుకోలేదు. మోకాళ్ళ కింద ఏదో లాగుతున్నట్టుంది, కట్టు విప్పమని దూడ లాగినట్టు. మళ్ళీ తొడిగాడు. ఇంటి వెనక్కి పోయాడు. అక్కడ పందుల చుట్టూ పేర్చిన రాతిగోడ ఉంది. దాని లోపలి వైపున, ఎవరికీ కనబడకుండా, గోడ వెంటే నడవడం మొదలుపెట్టాడు.

మేత తెచ్చాడనుకుని పందులు వెంటబడ్డాయి. ఒక చుట్టు. రెండు చుట్లు. ముందు తోఫాలా, వెనక పెద్ద పంది, దాని వెనక తొమ్మిది పిల్లలు.

"చూడముచ్చటగా ఉంది" అంది ఫువాతినో గోడ అవతలి నుంచి. స్నానం చేసి, తెల్లగౌను వేసుకుని, మహిళా సంఘానికి బయలుదేరినట్టుంది. "నీ వెనక వాటికీ అలవాటవుతోంది."

"నవ్వకు. నడుస్తున్నానా లేదా? నలభై ఒకటి. లెక్కేసుకో."

"వెయ్యను."

"ఎందుకెయ్యవే? నడక నడకే కదా!"

"ఇవాళ గోడ చాటున నడుస్తావు. రేపు చాప చాటున నడుస్తావు. ఎల్లుండి కలలో నడుస్తావు. నీ సంగతి నాకు తెలీదా?" ఆమె గొంతులో విసుగు లేదు. అలసట ఉంది. "దారి మీదికి రా. చెట్టు దగ్గర్నుంచి వంతెన దాకా. అందరూ చూస్తుండగా. నిన్నెవరూ ఏమీ అనరు ఇవాళ."

"ఎందుకనరు?"

"అనరు. అంతే."

"నువ్వేం చేశావు?"

ఆమె అప్పటికే వెళ్ళిపోతోంది. పెద్ద పంది అతని చెప్పు కొరికి లాగింది.

*

సభ ఇంటిలో ఎవరి స్తంభం దగ్గర వారు కూర్చున్నారు. 'ఆవ' అనే వేరు దంచి పిండిన పానీయం కొబ్బరి చిప్పలో వరుస క్రమంలో తిరిగింది. ఎదురుగా, దారికి అవతల, మహిళా సంఘం వాళ్ళు విసనకర్రలు అల్లుతున్నారు. పదిహేనేళ్ళుగా ఆ సంఘానికి పెద్ద ఫువాతినో. నెలకొకసారి ఇంటింటికీ వెళ్ళి, చాపలు ఎత్తి చూసి, దుమ్ము ఉన్న ఇంటి ఇల్లాలిని అందరి ముందూ నిలబెట్టేది ఆమెయే.

ఆమె ఇటు చూడడం లేదు. అల్లుతోంది.

చిప్ప కింద పెట్టగానే లెయానా గొంతు సవరించుకున్నాడు. సన్నని మనిషి. సన్నని గొంతు.

"పెద్దలందరి అనుమతితో ఒక్క మాట. గురువారం సాయంకాలం మా ఇంట్లో ప్రార్థన జరుగుతుండగా దారి మీద చెప్పుల చప్పుడైంది. టప్, టప్, టప్. పాపం ఎవరో గాని, మా ముంగిట ఆగి, ఆలోచించుకుని మరీ వెళ్ళారు."

"ఎవరో చూశారా తమరు?" అని ఒక ముసలాయన అడిగాడు.

"ఎలా చూస్తానండీ? నా కళ్ళు మూసి ఉన్నాయి. చెవులు మూసుకోమని దేవుడు చెప్పలేదు కదా!"

అందరూ నవ్వారు. తోఫాలా కూడా నవ్వవలసి వచ్చింది.

"చప్పుడు మాత్రం బరువైన చప్పుడు" అన్నాడు లెయానా, ఎటూ చూడకుండా. "కాపలావాళ్ళ పుస్తకంలో ఉండే ఉంటుంది. లేకపోతే కాపలావాడినే అడగాలి. తోఫాలాగారూ, తమరి గొంతుతో వింటేనే మాకు తృప్తి. చదవండి."

పెలెనాతో వంగి వచ్చి నీలం అట్ట పుస్తకం అతని ముందు పెట్టాడు. మేనమామ కళ్ళలోకి చూడలేదు.

తోఫాలా తెరిచాడు.

"సీనా. రొట్టెలమ్మే సీనా. రెండో శంఖం తరువాత బుట్టతో దారి దాటింది."

ఆ గొంతు ఎప్పటిలాగే పలికింది. రేవులో వల బాగుచేసుకుంటున్నవాడు తల ఎత్తాడు.

"మానూ. టాక్సీ మానూ. రెండో శంఖం తరువాత బండి నడిపాడు."

మూడో వరస ఖాళీగా లేదు.

పెలెనాతో రాసిన అక్షరాలు గుండ్రంగా ఉంటాయి. ఇవి గుండ్రంగా లేవు. ఎడమకు వాలి, గాలికి వంగిన కొబ్బరిచెట్లలా ఉన్నాయి. మహిళా సంఘం పుస్తకంలో, తెముకీసా చదివే బడికి పంపిన ఉత్తరాలలో, అతనికి తెలిసిన అక్షరాలవి.

ఫువాతినో. రెండో శంఖం తరువాత దారి మీద నడిచింది.

తోఫాలా రెండుసార్లు చదువుకున్నాడు. మూడోసారి చదవడానికి అక్షరాలు నిలవలేదు.

నిన్నెవరూ ఏమీ అనరు ఇవాళ.

ఒక పెట్టె చేపల డబ్బాలతో పోతుంది. స్తంభం పోదు. పెలెనాతో జట్టులోనే ఉంటాడు. లెయానా అబద్ధమని ఎలా అంటాడు? అన్నాడంటే కళ్ళు తెరిచి చూసినట్టే. ఎంత చక్కగా అల్లింది! ఒక్క పోగు కూడా ఊడదు. తను ఈ పేరు చదివి, పుస్తకం మూసి, భోజనం చేసి, చల్లబడ్డాక చెప్పులేసుకుని, చెట్టు నుంచి వంతెన దాకా తలెత్తుకుని నడవవచ్చు.

ఆమె మాత్రం వచ్చే నెల ఎవరింటి చాపా ఎత్తలేకపోతుంది. ఎత్తబోతే, ముందు నీ సంగతి చూసుకో అంటారు.

దారికి అవతల విసనకర్ర పూర్తయింది. ఆమె దానిని పక్కన పెట్టి, మరొక ఆకు తీసుకుని, చీల్చి, మళ్ళీ మొదటి ముడి వేస్తోంది.

"ఇంకో పేరు ఉన్నట్టుందే" అన్నాడు లెయానా.

"ఉంది."

"చదవండి మరి."

"ఫు..."

పెలెనాతో తల నేలకు వంచేశాడు. అవతల ఆకు చీలుస్తున్న చేయి ఆగింది. ఆ ఒక్క అక్షరం తోఫాలా పెదవుల మీద ఊదినట్టుగా మిగిలిపోయింది. ముందుకు పోలేదు, వెనక్కి రాలేదు. అరికాళ్ళు చాప మీద చెమర్చాయి. ఆ తడి అతనికి తెలిసింది, రెండు పాదాలకూ తెలిసింది.

"వినబడలేదండీ" అన్నాడు లెయానా. "తమరి గొంతు ఇంత సన్నగా మేమెప్పుడూ వినలేదు."

తోఫాలా పుస్తకం మూశాడు. స్తంభానికి ఆనించిన వీపును ముందుకు తీశాడు. లేచి నిలబడ్డాడు. సభలో పేర్లు చదివేవాడు నిలబడే ఆచారం లేదు. నిలబడేది తప్పు ఒప్పుకునేవాడే. పెద్దలందరూ ఒక్కసారిగా తలలెత్తారు. దారికి అవతల ఒక స్త్రీ లేచి, వద్దు వద్దని చేయి ఊపుతూ రెండడుగులు ముందుకు వచ్చింది.

అతడు ఆమె వైపు చూశాడు. గుండె నిండా గాలి పీల్చుకుని, రేవు దాకా, వంతెన దాకా వినబడేటట్టు, మూడో పేరు పలికాడు.

"తోఫాలా!"